పక్కింటివాళ్లు ఏం చేశారు? యూదుల జ్ఞాపకాన్ని నమోదు చేసిన డాక్యుమెంటరీల కథ

పోలండ్‌లోని హెల్మ్నో గ్రామం. చర్చి ముందు జనం గుమిగూడి ఉన్నారు. ఆ రోజు మరియమాత పండుగ. వాళ్ల మధ్యలో ఒక నడివయసు మనిషి మౌనంగా నిలబడి ఉన్నాడు. ఆయన పేరు సైమన్ స్రెబ్నిక్, యూదుడు. పదమూడేళ్ల వయసులో నాజీలు ఆయన కాళ్లకు గొలుసులు వేసి ఇదే ఊళ్లో పని చేయించారు. నది మీద పడవలో వెళ్తూ వాళ్ల కోసం పాటలు పాడేవాడు. ఈ చర్చిలోనే యూదులను బంధించి, అక్కడి నుంచి గ్యాస్ వ్యాన్లలోకి ఎక్కించి చంపేవారు. హెల్మ్నో శిబిరంలో లక్షన్నర మందికి పైగా చనిపోయారు. బతికి బయటపడ్డ అతి కొద్దిమందిలో స్రెబ్నిక్ ఒకరు.

ఊరివాళ్లు ఆయన్ని గుర్తుపట్టారు. ఆప్యాయంగానే పలకరించారు. బతికున్నందుకు సంతోషం అన్నారు. అప్పుడు దర్శకుడు వాళ్లను అడిగాడు: యూదులకే ఎందుకిలా జరిగింది? మాట మెల్లగా మారిపోయింది. వాళ్లు డబ్బున్నవాళ్లు అన్నారు ఒకరు. ఇంకొకరు ముందుకొచ్చి, యేసును చంపిన పాపం వాళ్లకు తగిలిందనే పాత కథ చెప్పారు. చుట్టూ ఉన్నవాళ్లు తలలూపారు. మధ్యలో స్రెబ్నిక్ ఒక్క మాట మాట్లాడలేదు. కెమెరా ఆయన ముఖం మీద నిలిచింది.

క్లాడ్ లాంజ్‌మన్ 1985లో విడుదల చేసిన 'షోవా' చిత్రంలోని దృశ్యం ఇది. అందులో ఒక్క శవం కనబడదు, తుపాకీ కనబడదు. అయినా లక్షల మందిని చంపడం ఎలా సాధ్యమైందో ఆ కొద్ది నిమిషాల్లో అర్థమవుతుంది. చంపినవాళ్లు వెళ్లిపోయి నలభై ఏళ్లవుతున్నా, ఆ చావును న్యాయంగా చూపించే కథ ఊళ్లో పదిలంగా ఉంది. దాడి జరిగిన ఊళ్లకు నిజనిర్ధారణకు వెళ్లి వచ్చిన కార్యకర్తలకు ఈ దృశ్యం కొత్తగా అనిపించదు.

యూదు వ్యతిరేకత మీద వచ్చిన మంచి డాక్యుమెంటరీలన్నీ ఏదో ఒక రూపంలో మూడు ప్రశ్నలతో కుస్తీ పట్టాయి. కెమెరా ఎవరి చేతిలో ఉంది? ఎవరి మాట సాక్ష్యంగా నిలుస్తుంది? ఇరుగుపొరుగు ఏం చేశారు? ఆ చిత్రాలు ఒకదాని తర్వాత ఒకటి ఏం నేర్చుకున్నాయో, ఎక్కడ తడబడ్డాయో చూద్దాం.

పుట్టుకే నేరం

యూరప్‌లో యూదుల మీద ద్వేషానికి వందల ఏళ్ల చరిత్ర ఉంది. మొదట అది మతం పేరుతో సాగింది. భూమి మీద, వృత్తుల మీద ఆంక్షలు, ఊరికి ఓ మూల ప్రత్యేక పేటలు, బట్టల మీద గుర్తులు ఉండేవి. మతం మారితే కొంతవరకైనా తప్పించుకునే దారి ఉండేది. పందొమ్మిదో శతాబ్దంలో ఆ ద్వేషం జాతి సిద్ధాంతం వేషం వేసుకుంది. 1879లో జర్మన్ రచయిత విల్హెల్మ్ మార్ 'యాంటీసెమిటిజం' అనే మాటను ప్రచారంలోకి తెచ్చాడు. 1935 నాటి న్యూరెంబర్గ్ చట్టాలు దాన్ని శాసనం చేశాయి. నలుగురు అవ్వాతాతల్లో ముగ్గురు యూదులైతే చాలు, నువ్వు యూదువే. బాప్తిస్మం తీసుకుని చర్చికి వెళ్తున్నా లాభం లేదు. మతం మారినా కులం వదలని సమాజంలో పుట్టిన మనకు ఈ తర్కాన్ని విడమర్చి చెప్పక్కర్లేదు. ఆ చట్టాల వెనకే వచ్చిన మారణహోమంలో దాదాపు 60 లక్షల మంది యూదులు హతులయ్యారు. లక్షలాది రోమా ప్రజలు, వికలాంగులు, ఇతరులు కూడా ప్రాణాలు కోల్పోయారు.

ఇదంతా మనకు సంబంధం లేని యూరప్ గొడవ అనుకోవడానికి లేదు. 1939లో గోల్వాల్కర్ తన పుస్తకంలో జర్మనీ యూదులను ఏరివేయడాన్ని ప్రస్తావించి, హిందుస్థాన్ నేర్చుకోవాల్సిన పాఠం అందులో ఉందని రాశారు. హిట్లర్ ఆత్మకథ ఈ దేశపు పుస్తకాల షాపుల్లో ఇప్పటికీ అమ్ముడుపోతూనే ఉంది.

కనబడకుండా చేసిన టోపీ

యుద్ధం ముగిసిన పదేళ్లకు, శిబిరాల విముక్తి వార్షికోత్సవం సందర్భంగా ఫ్రెంచ్ దర్శకుడు అలన్ రెనే 'నైట్ అండ్ ఫాగ్' తీశారు. నిడివి 32 నిమిషాలు. వ్యాఖ్యానం రాసిన కవి జాన్ కేరోల్ స్వయంగా నాజీ శిబిరంలో ఖైదీగా ఉండి వచ్చినవాడు. గడ్డి మొలిచిన శిబిరాన్ని రంగుల్లోనూ, పాత ఫుటేజీని నలుపు తెలుపులోనూ పక్కపక్కన చూపించిన చిత్రం అది.

దానికి ఎదురైన అడ్డంకులే ఒక పాఠం. ఒక పాత ఫొటోలో యూదులను నిర్బంధించిన శిబిరానికి కాపలా కాస్తున్న మనిషి టోపీ కనబడుతుంది. అది ఫ్రెంచ్ పోలీసు టోపీ. సెన్సారు అధికారులు ఒప్పుకోలేదు. చివరికి ఆ టోపీ కనబడకుండా ఫొటో మీద రంగు పూయాల్సి వచ్చింది. 1956లో కాన్ ఉత్సవం అధికారిక జాబితా నుంచి కూడా పశ్చిమ జర్మనీ ఒత్తిడితో చిత్రాన్ని తప్పించారు. ఫ్రాన్స్ జర్మన్ల చేతిలో బాధపడింది నిజమే. అయితే తన పౌరులనే పట్టి అప్పగించిన చేతులు ఫ్రాన్స్‌వే అన్న సంగతి ఎవరికీ చూడాలని లేదు.

చిత్రంలోనూ ఒక లోపం ఉంది. వ్యాఖ్యానంలో 'యూదు' అనే మాట ఒకే ఒక్కసారి, అదీ ఒక విద్యార్థి గురించి చెప్పేటప్పుడు వినబడుతుంది. ఇది మానవాళి మీద జరిగిన నేరం అని చిత్రం చెబుతుంది. ఆ మాట తప్పు కాదు. కానీ ఎవరిని, ఏ కారణంతో ఏరి చంపారో చెప్పకుండా మానవాళి అంటే అసలు సంగతి జారిపోతుంది. కులం పేరు ఎత్తకుండా 'ఇరు వర్గాల మధ్య ఘర్షణ' అని రాసే వార్తల్లో జరిగేది ఇదే.

చేతి మీద అంకె

1961లో ఫ్రాన్స్‌లోనే జాన్ రూష్, సమాజశాస్త్రవేత్త ఎడ్గార్ మోరాన్ కలిసి 'క్రానికల్ ఆఫ్ ఎ సమ్మర్' తీశారు. అందులో మార్సెలిన్ లోరిదాన్ అనే యువతి కనబడుతుంది. పదహారేళ్ల వయసులో తండ్రితో పాటు ఆమెను ఆష్‌విట్జ్ వైపు తరలించారు. ఆమె తిరిగి వచ్చింది. తండ్రి రాలేదు. ఒక దృశ్యంలో ఆమె టేప్ రికార్డర్ మోసుకుంటూ పారిస్ నడిబొడ్డున ఒంటరిగా నడుస్తూ, చనిపోయిన తండ్రితో మాట్లాడుతుంది. పక్కన ప్రశ్నలు అడిగేవాళ్లు లేరు. ఏం చెప్పాలో, ఎక్కడ ఆగాలో ఆమె ఇష్టం.

ఇంకో దృశ్యంలో ఆఫ్రికా నుంచి వచ్చిన నల్లజాతి విద్యార్థులు ఆమెతో కలిసి కూర్చుని ఉంటారు. మాటలు జాతి వివక్ష మీదకు మళ్లుతాయి. ఆమె చేతి మీద పచ్చబొట్టుగా ఉన్న అంకె ఏమిటని రూష్ వాళ్లను అడుగుతారు. వాళ్లకు తెలియదు. ఆమె చెబుతుంది. అప్పటిదాకా సరదాగా ఉన్న ముఖాలు ఒక్కసారిగా మారిపోతాయి. ఒకరి గాయం ఇంకొకరికి పుట్టుకతో తెలియదు. ఎదురుగా కూర్చుని అడగాలి, వినాలి. పీడిత ప్రజల ఐక్యత గురించి మనం ఎన్ని తీర్మానాలు చేసినా అది మొదలయ్యేది ఇలాంటి చోటే.

'నేను యూదుణ్ణి కాదు' అనే ప్రకటన

మార్సెల్ ఓఫుల్స్ తీసిన 'ది సారో అండ్ ది పిటీ' (1969) నాలుగు గంటలకు పైగా సాగుతుంది. ఓఫుల్స్ జర్మనీలో పుట్టిన యూదు కుటుంబం బిడ్డ. నాజీలు అధికారంలోకి రాగానే ఆ కుటుంబం ఫ్రాన్స్‌కు, అక్కడి నుంచి అమెరికాకు పారిపోయింది. పెద్దయ్యాక ఆయన క్లెర్మాన్ ఫెరాన్ అనే ఒక్క పట్నాన్ని తీసుకుని, ఆక్రమణ కాలంలో అక్కడి రైతులు, టీచర్లు, వ్యాపారులు, పోలీసులు, ప్రతిఘటన యోధులు ఏం చేశారో అడుగుతూ పోయారు.

అందులో ఒక దుకాణదారుడు ఉన్నాడు. అతని పేరు వింటే యూదుడేమో అనిపించే పేరు. ఆ రోజుల్లో అతను పత్రికలో ప్రకటన వేయించాడు: నేను యూదుణ్ణి కాదు, నిఖార్సైన ఫ్రెంచివాణ్ణి అని. దాని గురించి ఓఫుల్స్ తాపీగా, మర్యాదగా అడుగుతారు. అతను తడబడుతూ వివరణ ఇస్తాడు. ఎవరినీ చంపలేదు, ఎవరినీ పట్టివ్వలేదు. పక్కవాడి మీద పడుతున్న దెబ్బ తన మీద పడకుండా చూసుకున్నాడు, అంతే. చూస్తున్న ప్రతివాడూ తన వీధిని గుర్తు చేసుకునే దృశ్యం అది.

1942 జూలైలో పారిస్‌లో 13 వేల మంది యూదులను పట్టుకున్న సంఘటన కూడా చిత్రంలో వస్తుంది. పట్టుకున్నది ఫ్రెంచ్ పోలీసులు. వాళ్లలో నాలుగు వేలకు పైగా పిల్లలు. ఈ చిత్రాన్ని టెలివిజన్ కోసమే తీసినా ఫ్రెంచ్ టెలివిజన్ 1981 దాకా ప్రసారం చేయలేదు. ఆ అరెస్టుల్లో ఫ్రెంచ్ రాజ్యం బాధ్యతను దేశాధ్యక్షుడు జాక్ షిరాక్ బహిరంగంగా ఒప్పుకున్నది 1995లో. ఒక రాజ్యం చేత నిజం ఒప్పించడానికి యాభై మూడేళ్లు పట్టింది. ఆ నిజం జనం మధ్య బతికి ఉండడంలో సినిమాలకూ వాటా ఉంది.

తొమ్మిదిన్నర గంటల సాక్ష్యం

మళ్లీ 'షోవా' దగ్గరికి వద్దాం. షోవా అంటే హీబ్రూలో వినాశనం. లాంజ్‌మన్ 1974లో పని మొదలుపెట్టారు. పదకొండేళ్లు పట్టింది. పూర్తయిన చిత్రం తొమ్మిదిన్నర గంటలు. వాడకుండా మిగిలిన దాదాపు 220 గంటల ఫుటేజీ అమెరికాలోని హోలోకాస్ట్ మ్యూజియంలో భద్రంగా ఉంది. 2023లో యునెస్కో ఈ చిత్రాన్ని ప్రపంచ జ్ఞాపక జాబితాలో చేర్చింది.

ఇందులో పాత ఫుటేజీ ఒక్క ఫ్రేము కూడా లేదు. ఉన్నది మూడు రకాల మనుషుల మాటలు: బతికి బయటపడ్డవాళ్లు, చంపినవాళ్లు, చూసినవాళ్లు. వాటితో పాటు ఆ చోట్లు ఇప్పుడు ఎలా ఉన్నాయో చూపించే దృశ్యాలు. అనువాదకురాలి గొంతును కూడా తీసేయలేదు. ప్రశ్న ఫ్రెంచిలో, అది పోలిష్‌లోకి, జవాబు మళ్లీ ఫ్రెంచిలోకి. ఆ ఆలస్యం చూసేవాడికి ఆలోచించే సమయం ఇస్తుంది.

ఆయన ప్రశ్నలు పెద్ద పెద్దవి కావు. రైలు ఎక్కడ ఆగింది? గదిలో అద్దాలు ఉన్నాయా? అప్పుడు చలిగా ఉందా? చరిత్రకారుడు రావుల్ హిల్‌బర్గ్ ఒక రైలు టైంటేబుల్ కాగితం చేతబట్టుకుని చదువుతారు. బండి నిండుగా ట్రెబ్లింకాకు వెళ్లింది, ఖాళీగా తిరిగొచ్చింది. ఆ ప్రయాణాలకు రైల్వే టికెట్ డబ్బులు వసూలు చేసింది. మూడో తరగతి చార్జీ. పదేళ్లలోపు పిల్లలకు సగం టికెట్, నాలుగేళ్లలోపు వాళ్లకు ఉచితం, నాలుగు వందల మందికి మించితే గుంపు రాయితీ. ఆ కాగితంలో చంపడం అనే మాటే లేదు. ద్వేషంతో ఊగిపోయేవాళ్లు మాత్రమే చేసిన పని కాదిది. గుమాస్తాలు, డ్రైవర్లు, టైంటేబుల్ వేసేవాళ్లు తమ తమ డ్యూటీ చేసుకుంటూ పోయారు. దాడుల కేసుల్లో ఎఫ్ఐఆర్ ఆలస్యం ఎందుకైంది, సెక్షన్లు ఎందుకు మారాయి, చార్జిషీటు ఎక్కడ ఆగింది అని కాగితాలు తిరగేసే మన లాయర్లకు హిల్‌బర్గ్ పద్ధతి బాగా అర్థమవుతుంది.

'షోవా' మీద విమర్శలూ ఉన్నాయి, అవి పట్టించుకోదగ్గవి. ట్రెబ్లింకాలో గ్యాస్ గదుల ముందు ఆడవాళ్ల జుట్టు కత్తిరించాల్సి వచ్చిన అబ్రహం బోంబాను ఇజ్రాయెల్‌లో ఒక మంగలి షాపులో, కత్తెర చేతికిచ్చి, జుట్టు కత్తిరిస్తూ మాట్లాడేలా చిత్రీకరించారు. ఒకచోట ఆయన గొంతు పూడుకుపోయింది. ఇక వద్దన్నారు. లాంజ్‌మన్ వదల్లేదు. చెప్పాలి, తప్పదు అన్నారు. ఆ దృశ్యం లేకపోతే ఎప్పటికీ తెలియకపోయే నిజం ఉంది. కానీ గాయపడిన మనిషిని మళ్లీ గాయపరిచే హక్కు కెమెరాకు ఉందా? బాధితుల ఇళ్లకు మైకులు పట్టుకుని వెళ్లే మనందరం జవాబు వెతుక్కోవాల్సిన ప్రశ్న ఇది. చంపినవాళ్ల విషయంలో ఆయన నియమం వేరు. ట్రెబ్లింకాలో పనిచేసిన ఎస్‌ఎస్ అధికారి ఫ్రాంజ్ సుహోమెల్‌కు పేరు బయటపెట్టనని మాటిచ్చి, రహస్య కెమెరాతో తీసి, పేరుతో సహా చూపించారు. ఇంకోచోట రహస్య కెమెరా దొరికిపోయి దెబ్బలు తిని ఆసుపత్రి పాలయ్యారు కూడా. అలాగే చిత్రంలో ఆడవాళ్ల గొంతులు చాలా తక్కువ. నలుగురు స్త్రీల సాక్ష్యాలతో 'ఫోర్ సిస్టర్స్' వచ్చేసరికి 2017 అయింది.

చంపినవాడి కెమెరా

1942 మే నెలలో నాజీలు వార్సా ఘెటోలోకి కెమెరాలతో దిగారు. ఆకలితో రోడ్ల మీద చనిపోతున్నవాళ్లను తీశారు. పక్కనే బాగా బతుకుతున్న యూదులు పట్టనట్టు నడిచిపోతున్నట్టు కూడా తీశారు. ఆ చిత్రం పూర్తి కాలేదు. జూలై 22న అక్కడి జనాన్ని ట్రెబ్లింకాకు తరలించడం మొదలైంది. యుద్ధం తర్వాత సుమారు గంట నిడివి ఉన్న ఆ మూగ ఫుటేజీ తూర్పు జర్మనీ ఆర్కైవ్‌లో బయటపడింది. దశాబ్దాల పాటు దాన్నే నిజమైన ఘెటో జీవితంగా వాడుకున్నారు. 1998లో ఇంకో రీలు దొరికింది. అందులో ఒకే దృశ్యాన్ని మళ్లీ మళ్లీ నడిపించిన టేకులు ఉన్నాయి. శవం పక్కనుంచి పట్టనట్టు వెళ్లే ఆ మనుషులు కెమెరా వెనక నిలబడ్డవాడి ఆజ్ఞ మీద నడిచారు.

ఇజ్రాయెలీ దర్శకురాలు యాయెల్ హెర్సోన్‌స్కీ 'ఎ ఫిల్మ్ అన్‌ఫినిష్డ్' (2010)లో ఒక మంచి పని చేశారు. ఘెటోలో బతికి బయటపడ్డవాళ్లను ఒక్కొక్కరిగా థియేటర్‌లో కూర్చోబెట్టి ఆ ఫుటేజీ చూపించారు. తెర మీద నాజీల చిత్రం నడుస్తుంటే, దానికి అర్థం చెప్పే అధికారం ఆ వృద్ధుల చేతికొచ్చింది. ఘెటో నాటి డైరీల్లోని మాటలు కూడా తోడయ్యాయి.

2016లో గుజరాత్‌లోని ఉనాలో దళితులను కొడుతున్న వీడియో తీసిందీ, తిప్పిందీ కొట్టినవాళ్లే. అది వాళ్లకు ఘనకార్యం. అదే వీడియో ఉద్యమం చేతిలో సాక్ష్యమైంది. అంటే దాడి చేసినవాడి ఫుటేజీని వాడకూడదని కాదు. ఎవరు తీశారు, ఎందుకు తీశారు, ఫ్రేములో లేనిదేమిటి అని చెప్పకుండా దాన్ని ఫార్వర్డ్ చేస్తే అవమానాన్ని మనమే ఇంకో నాలుగు ఇళ్లకు మోసుకెళ్తాం.

నాజీల కెమెరా తిరిగిన ఆ ఘెటోలోనే ఇంకో పని కూడా జరిగింది. చరిత్రకారుడు ఇమాన్యుయేల్ రింగెల్‌బ్లమ్ ఆధ్వర్యంలో యాభై అరవై మంది రహస్యంగా తమ చరిత్ర తామే రాసుకున్నారు. వ్యాసాలు, పిల్లల రాతలు, పోస్టర్లు, రేషన్ కార్డులు, మిఠాయి కాగితాలు దాచారు. రేకు పెట్టెల్లో, పాల క్యాన్లలో పెట్టి భూమిలో పాతారు. 1946లో కొంత, 1950లో కొంత తవ్వి తీశారు. దాదాపు 35 వేల పేజీలు. ఆ బృందంలో బతికింది ముగ్గురే. 'హూ విల్ రైట్ అవర్ హిస్టరీ' (2018) అనే డాక్యుమెంటరీ వాళ్ల కథే. మన చరిత్ర ఎవరు రాస్తారు అన్న ఆ ప్రశ్నకు వాళ్లు చావు ఎదురుగా ఉండగా జవాబిచ్చారు.

మూడు నిమిషాలు

బాధితులను శవాలుగానే గుర్తుపెట్టుకోవాలా? బియాంకా స్టిగ్టర్ తీసిన 'త్రీ మినిట్స్: ఎ లెంగ్తెనింగ్' (2021) వేరే దారి చూపించింది. పోలండ్ నుంచి అమెరికా వలసపోయిన డేవిడ్ కర్ట్జ్ 1938లో సొంత ఊరు నషెల్స్క్‌కు వెళ్లి సరదాగా సినిమా తీసుకున్నారు. 2009లో మనవడు గ్లెన్ కర్ట్జ్‌కు ఆ రీలు దొరికింది. యూదుపేటలో తీసిన భాగం మూడు నిమిషాల పైచిలుకు. కెమెరాలో పడాలని తోసుకుంటున్న పిల్లలు, గుడి మెట్లు దిగుతున్న పెద్దలు, ఒక కిరాణా కొట్టు.

స్టిగ్టర్ ఈ మూడు నిమిషాలు దాటి బయటికి వెళ్లరు. అవే బొమ్మలను ఆపి, పెద్దవి చేసి, వెనక్కి తిప్పి చూపిస్తారు. ఒక్కో ముఖాన్నీ విడదీసి చూపిస్తారు. బట్టల గుండీల నుంచి ఆ ఊరి గుండీల కర్మాగారం చరిత్ర బయటికొస్తుంది. ఆ గుంపులోని ఒక పదమూడేళ్ల అబ్బాయిని అమెరికాలో ఒకామె తన తాతగా గుర్తుపట్టింది. నషెల్స్క్‌లోని దాదాపు మూడు వేల మంది యూదుల్లో యుద్ధం తర్వాత మిగిలింది వంద మంది లోపే. ఆ సంగతి తెలిశాక, నవ్వుతున్న ఆ పిల్లల ముఖాలను మామూలుగా చూడలేం.

జ్ఞాపకం ఆయుధమైనప్పుడు

జ్ఞాపకాన్ని అధికారం కూడా వాడుకుంటుంది. లాంజ్‌మన్ ఇజ్రాయెల్ సైన్యాన్ని ఆదరంగా చూపిస్తూ 1994లో 'త్సహాల్' తీశారు. ఆ సైన్యం కింద పాలస్తీనియన్ల బతుకు ఏమిటన్నది ఆయన పెద్దగా పట్టించుకోలేదని విమర్శ వచ్చింది. ఇజ్రాయెలీ దర్శకుడు యోవ్ షమీర్ 'డిఫమేషన్' (2009)లో స్కూలు పిల్లలను ఆష్‌విట్జ్ యాత్రకు తీసుకెళ్లే బస్సు ఎక్కారు. ప్రపంచమంతా మిమ్మల్ని ద్వేషిస్తోందని వాళ్లకు ఎలా నేర్పుతున్నారో చూపించారు. వెస్ట్ బ్యాంక్‌లో ఇళ్ల కూల్చివేత మీద పాలస్తీనియన్లు, ఇజ్రాయెలీలు కలిసి తీసిన 'నో అదర్ ల్యాండ్'కు 2024లో బెర్లిన్‌లో అవార్డు వచ్చింది. అక్కడ సహదర్శకుడు యువాల్ అబ్రహం సమానత్వం కోరుతూ చేసిన ప్రసంగాన్ని కొందరు జర్మన్ నాయకులు యూదు వ్యతిరేకత అన్నారు. ఆయన హోలోకాస్ట్‌లో బంధువులను కోల్పోయిన కుటుంబం నుంచి వచ్చిన యూదుడు.

ఇక్కడ రెండు తప్పులకూ దూరంగా ఉండాలి. ఒక ప్రభుత్వాన్ని విమర్శించడం ఆ ప్రజలను ద్వేషించడం కాదు. అదే సమయంలో పాలస్తీనా మీద మన కోపంలోకి డబ్బున్న యూదులు, ప్రపంచాన్ని వెనక నుంచి ఆడించే యూదులు లాంటి పాత విషం కలవనివ్వకూడదు. హెల్మ్నో చర్చి ముందు మాట్లాడింది ఆ విషమే.

కొత్తరెడ్డిపాలెం నుంచి

యూదు గుర్తింపు ప్రశ్న మన నేల మీద కూడా ఉంది. గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో కొన్ని మాదిగ కుటుంబాలు 1980ల చివరి నుంచి యూదు ఆచారాలు పాటిస్తున్నాయి. తమను బెనె ఎఫ్రాయిం అంటారు. ఇజ్రాయేలు గోత్రాల్లో తప్పిపోయిన ఎఫ్రాయిం సంతతి తామేనని వాళ్ల విశ్వాసం. యులియా ఎగొరోవా, షాహిద్ పర్వేజ్ వాళ్ల మధ్య పరిశోధన చేసి 2013లో పుస్తకం తెచ్చారు. ఈ గుర్తింపును కుల వ్యవస్థతో జరిగే పోరాటం నుంచి విడదీసి చూడలేమన్నది అందులో ముఖ్యమైన విషయం.

అలాంటి ఊరికి కెమెరాతో వెళ్లేవాళ్లు రెండు రకాలుగా ప్రశ్న అడగొచ్చు. మీరు నిజంగా యూదులేనా, రుజువేమిటి అనొచ్చు. మీకు ఈ పేరు ఎందుకు అవసరమైంది, పాత పేరుతో బతుకు ఎలా ఉండేది అనొచ్చు. మొదటి ప్రశ్న అవ్వాతాతల లెక్క అడిగిన అధికారిని గుర్తుకు తెస్తుంది. రెండోది మార్సెలిన్ చేతి మీద అంకె చూసి ఏమిటని అడిగినట్టు ఉంటుంది.

ఈ చిత్రాల్లో ఏదో ఒకటి మీ హాస్టల్లోనో సంఘం ఆఫీసులోనో వేసుకుని చూడండి. తొమ్మిదిన్నర గంటలు కుదరకపోతే మూడు నిమిషాల కథతో మొదలుపెట్టండి. ఆ తర్వాత మీ ఊళ్లో, మీ వాడలో జరిగినదాన్ని చూసిన పెద్దవాళ్లు ఇంకా ఎవరున్నారో లెక్కేయండి. ఫోన్ అందరి చేతుల్లోనూ ఉంది. వాళ్ల దగ్గర కూర్చుని, వాళ్లు ఆగమన్నచోట ఆగుతూ, ఆ రోజు పక్క వీధివాళ్లు ఏం చేశారో కూడా అడిగి రికార్డు చేయండి. ఆ పెద్దలు ఎన్నాళ్లో ఉండరు.